ఇరవై ఏడు చుక్కల ముగ్గు

తెల్లవారి ఆరు గంటలకు జాహ్నవి కడుపునొప్పి అంది. బడి ఎగ్గొట్టడానికి ఆ పిల్ల వేసే ఎత్తుల్లో కడుపునొప్పి మొదటిది. అందుకని మోహన పొయ్యి దగ్గరి నుంచి కదలలేదు.

“పోయిన సోమవారం ఎడమపక్క నొచ్చింది. ఈపొద్దు యాపక్కనో సెప్పు తల్లీ, మీ అయ్యవారికి చీటీ రాసిస్తా” అంది, పాలు పొంగకుండా గరిటె తిప్పుతూ.

మామూలుగా అయితే దానికి తగ్గ జవాబు వచ్చేది. ఎనిమిదేళ్ళకే ఆ పిల్ల ఎవరి మాటా కింద పడనిచ్చేది కాదు. ఆ పూట ఏమీ రాలేదు. మోహన నడుమింట్లోకి తొంగి చూసింది. జాహ్నవి చాప మీద కూర్చుని, రెండు చేతుల వేళ్ళతో తన కంటిరెప్పలను పైకి ఎత్తి పట్టుకుని ఉంది.

“అమ్మా, రెప్పలు నిలబడలేదు. పడిపోతా ఉండాయి.”

నోట్లో వేడి అన్నం ముద్ద పెట్టుకుని మాట్లాడినట్టు ఉంది ఆ మాట. వేళ్ళు తీయగానే రెప్పలు సగానికి జారాయి. ఒళ్ళు కాలడం లేదు. ఎక్కడా వాపు లేదు. మోహన పిల్ల కాళ్ళూ చేతులూ తడిమి చూసింది. ఎడమ మోచేతి వెనక, దోమ కుట్టినట్టు, పక్కపక్కనే రెండు చిన్న గాట్లు కనిపించాయి.

ఆమె పెట్టిన కేకకు పక్కింటి వహీదున్నీసా పరుగెత్తుకొచ్చింది. ఊళ్ళో జాకెట్లు కుట్టేది ఆవిడే. కొలతల టేపు మెడలో అలాగే వేలాడుతోంది. వస్తూనే పిల్లను పక్కకు లాగి దుప్పటి దులిపింది. మడతలోంచి జానెడున్నర పాము జారిపడింది. నల్లటి ఒళ్ళు, దాని మీద సన్నటి తెల్లకట్లు. వహీదున్నీసా మూలనున్న రోకలి అందుకుని దాని తల చితక్కొట్టి, “కట్లపాము” అని ఒక్క మాట అంది. అని, నోటికి చెంగు అడ్డం పెట్టుకుంది.

మోహన అంబులెన్సుకు ఫోను చేసింది. పుత్తూరు నుంచి బండి బయలుదేరుతుందన్నారు. అయితే మూడు రోజులుగా ముసురు పట్టి వంక పొంగుతోంది, కల్వర్టు మీద నడుములోతు నీళ్ళు. కార్వేటినగరం వైపు చుట్టూ తిరిగి ఉలవమిట్టకు రావాలంటే రెండు గంటలు పడుతుంది. వహీదున్నీసా భర్త నిస్సార్ ఆటో నిన్నటి నుంచి వంకకు అవతలే ఆగిపోయింది. మోహన భర్త నరేంద్ర తిరుమల కొండకు బస్సు నడుపుతాడు. డ్యూటీలో ఫోను ముట్టుకోడు. మూడుసార్లు చేసినా మోగి మోగి ఆగిపోయింది.

“రెండు గంటలంటే మాటలా అక్కా?” అంది మోహన. ఆమె గొంతు ఆమెకే కొత్తగా వినిపించింది.

పడమటింటి మంచం మీది నుంచి అత్తగారు చంద్రకాంతమ్మ పిలిచింది. డెబ్భై నాలుగేళ్ళ మనిషి. రెండు కళ్ళకూ పొరలు కమ్మి వెలుతురూ చీకటీ తప్ప ఏమీ తెలియవు. కుడిచెయ్యి ఏడాదిగా స్వాధీనంలో లేదు. అయినా ఇంట్లో ఏ మాట ఎక్కడ పడ్డా ఆవిడ చెవికి అందుతుంది.

“ఏడిస్తే వంక దిగదు మే. పిలకాయను నడుమింట్లో పండబెట్టు. కట్టుముగ్గు వెయ్.”

కట్టుముగ్గు ఆ ఇంటి ఆడవాళ్ళ సొత్తు. అలాంటిది ఒకటి ఉందని ఊళ్ళో అందరికీ తెలుసు. దాని గురించి ఎవరూ బయట మాట్లాడరు, పండగనాడు వాకిట్లో వేయరు. ఇరవై ఏడు నక్షత్రాలకు ఇరవై ఏడు చుక్కలు గుండ్రంగా పెట్టి, చెయ్యి ఎత్తకుండా ఒకటే గీత ప్రతి చుక్కనూ చుట్టి వచ్చి మొదలైన చోట కలవాలి. కలిసిన క్షణం నుంచి లోపలి కాలం ఆగిపోతుంది. లోపలున్న పువ్వు వాడదు, పాలు విరగవు, దీపం తరగదు. చంద్రకాంతమ్మ పుట్టింటివాళ్ళు అమ్మవారి జాతరకు ముందురోజు కోసిన మల్లెలను అలా కట్టి ఉంచేవారు. ఈనలేక కష్టపడే ఆవు చుట్టూ, పశువుల వైద్యుడు వచ్చేదాకా, వేసేవారు. కాలం ఆపడం వరకే మనిషి పని. విప్పడం చీమల పని. అందుకే ముగ్గు బియ్యప్పిండితో వేయాలి. పని తీరాక పక్కన బెల్లం ముక్క పెడితే చీమలు బారుగా వచ్చి పిండి రవ్వ రవ్వగా ఎత్తుకుపోతాయి. ఆగిన కాలం ఆ సందుల్లోంచి కొంచెం కొంచెంగా లోపలికి దిగుతుంది. చేత్తో చెరిపినా, చీపురు తగిలినా, నీళ్ళు పడినా, అంత కాలమూ ఒక్కసారిగా లోపలివాళ్ళ మీద పడుతుందంటారు.

మోహనకు ఆ ముగ్గు అత్తగారే నేర్పింది, పెళ్ళయిన మూడో ఏడు, ఇసుకలో వేలితో గీయించి. పిండితో వేయడం మాత్రం ఇదే మొదలు.

గూట్లోంచి ముగ్గుడబ్బా అందుకుంది. పిల్లను చాప మీద వెల్లకిలా పడుకోబెట్టి చుట్టూ చుక్కలు పెట్టింది. ఒక్క చుక్కా వంకర పోలేదు. పన్నెండేళ్ళుగా రోజూ పొద్దున్నే వాకిట్లో వంగిన నడుము అది. గీత మొదలుపెట్టింది. పడమటింటి నుంచి చంద్రకాంతమ్మ గోవింద నామాలు చెబుతోంది. జాహ్నవి ఊపిరి పైపైన ఆడుతోంది. సగం మూతపడ్డ కళ్ళతో తల్లి చెయ్యి ఎటు పోతే అటు చూస్తోంది. ఇరవై ఐదు. ఇరవై ఆరు. పిల్ల పెదాలు విడిపోయాయి.

“అమ్...”

గీత కలిసింది.

మాట అక్కడే నిలిచిపోయింది. నోరు తెరుచుకుని, పెదాలు ఇంకా పూర్తిగా విడివడకుండా, జాహ్నవి అలాగే ఉండిపోయింది. ఆమె ముఖం మీద తిరుగుతున్న ఈగ ముక్కుకు జానెడు ఎత్తున గాలిలో నిలబడిపోయింది. దానికి రెక్కలున్నాయి, రెక్కల చప్పుడు లేదు. వహీదున్నీసా “యా అల్లా” అంటూ గోడకు ఆనుకుంది.

“కట్టు పడింది, అత్తా” అంది మోహన.

“పడతాదిలే. ఇంకేం భయం లేదు. బండి వచ్చేముందర బెల్లం పెట్టు. మందు సిద్ధంగా ఉంటే, చీమలు దోవ ఇచ్చేకొద్దీ వాళ్ళు పని చేసుకుంటారు.”

మోహన చేతులు చీరకు తుడుచుకుంది. తుడుచుకుంటూ వేళ్ళను ఒకదానితో ఒకటి రుద్ది చూసుకుంది. చేతికి బియ్యప్పిండి మెత్తదనం లేదు. గరుకు. వేళ్ళ సందుల్లో నలిగి నలగని రాతి గరుకు.

ఆ డబ్బాలో బియ్యప్పిండి ఉండి రెండు నెలలైంది. ఇంట్లో చీమలు పెరిగిపోయాయని, యూనిఫాం జేబులో కూడా చీమలేనని నరేంద్ర విసుక్కుంటే, సంతలో తోపుడుబండి మీద అమ్మే రాతిముగ్గు కొని డబ్బాలో పోసింది. ఇప్పుడు ఏ వాకిట్లో చూసినా అదే. తెల్లగా, మల్లెపువ్వులా మెరుస్తుంది. చీమ దాని జోలికి రాదు. అత్తగారు రెండుసార్లు అడిగింది, “పిండి ఆడించినావా మే?” అని. మోహన రెండుసార్లూ “ఆ, ఆడించినా” అంది. కళ్ళు కనిపించని మనిషితో గొడవ ఎందుకని ఆడిన చిన్న అబద్ధం అది. ఆడిన మరుక్షణం ఆమెకే గుర్తులేని అబద్ధం.

ఇప్పుడు చెప్పవచ్చు. నోరు తెరిచింది కూడా. కానీ చెప్పి ఏం చేయాలి? ఇప్పుడే చెరిపితే మందు లేదు. చెరపకపోతే, ఈ క్షణం నుంచి గడిచే ప్రతి నిమిషమూ ఆ గీత బయట పోగుపడుతూ ఉంటుంది, చెరువు కట్టకు నీళ్ళు చేరినట్టు. రాతిముగ్గుకు కూడా కాలం ఆగింది కదా, చీమలు కూడా వస్తాయేమో. దేవుడు ఆ మాత్రం కనికరించడా? ఆమె నోరు మూసుకుంది. చెబితే అది నిజమైపోతుందన్న భయమే ఆ నోరు మూయించింది.

గోడ గడియారం వైపు చూస్తూ కూర్చుంది. ఏడు అయింది. ఏడున్నర అయింది. బయట మబ్బు విచ్చి, కిటికీలోంచి వెలుతురు గదంతా పరుచుకుంది. ముగ్గు లోపల మాత్రం ఇంకా ఆరున్నర మసకే ఉంది. పట్టపగలు గది నడుమ ఒక గుండ్రటి తెల్లవారుజాము, దాని మధ్యలో నోరు తెరుచుకున్న పిల్ల. ఎంతసేపు చూసినా గుండె ఎగిసిపడదు, రెప్ప కదలదు. చనిపోయినవాళ్ళు ఇలా ఉండరు. నిద్రపోయినవాళ్ళూ ఇలా ఉండరు. తల్లిని పిలుస్తూ పిలుస్తూ బొమ్మ అయిపోయినట్టు ఉంది. మోహన చూపు తిప్పుకోవాలనుకుంటుంది. తిప్పుకుంటే పిల్ల ఇంకా ఒంటరిదవుతుందనిపించి మళ్ళీ చూస్తుంది.

“ఏమే, గుడ్లప్పగించి సూస్తా ఉండావా? బెల్లం పెట్టినావా?” అని చంద్రకాంతమ్మ.

వహీదున్నీసా బెల్లం నలిపి, గోడ కన్నం నుంచి ముగ్గు దాకా వరసగా పెట్టింది. కాసేపటికి చీమలు వచ్చాయి. చిన్నవి, నల్లవి. బెల్లం రవ్వలు మోస్తూ బారులు తీరాయి. కొన్ని మొదటి చుక్క దాకా వచ్చాయి. మోహన ఊపిరి బిగబట్టి నేలకు చెంప ఆనించి చూసింది. ముందున్న చీమ మీసాలతో ఆ తెల్లటి పొడిని తాకింది. ఒకసారి తాకింది, పక్కకు జరిగి మళ్ళీ తాకింది. వెనక్కి తిరిగి వెళ్ళిపోయింది. దాని వెనకది కూడా అంతే చేసింది. దాని వెనకది కూడా.

ఎనిమిదీ ముప్పావుకు అంబులెన్సు వచ్చింది. దిగిన అమ్మాయి పేరు నవీన. పాతికేళ్ళుంటాయి, చిన్న ఐసు పెట్టె చేతిలో పట్టుకుని, మోకాళ్ళ దాకా బురదతో వచ్చింది. ఆమెది నగరి. కట్టుముగ్గు మాట ఎన్నడూ విన్నది కాదు.

“పాప యాడ? చుట్టూ ముగ్గులేందమ్మా, పూజ చేస్తా కూర్చున్నారా?” అంటూ వంగి పిల్ల చెయ్యి పట్టుకోబోయింది.

“ముట్టుకోవద్దు!” మోహన అరిచేలోగా నవీన వేళ్ళు గీత దాటిపోయాయి. ఆ అమ్మాయి ముఖం మారిపోయింది. చెయ్యి వెనక్కి లాక్కోవాలని చూస్తే మణికట్టు దాకా వస్తోంది గానీ వేళ్ళు రావడం లేదు. మోహన, వహీదున్నీసా ఇద్దరూ ఆమె మోచెయ్యి పట్టుకుని గట్టిగా లాగితే ముగ్గురూ వెనక్కి పడ్డారు. నవీన వేళ్ళ కొసలు సున్నం వేసినట్టు తెల్లగా ఉన్నాయి. వాటిలోకి మళ్ళీ ఎరుపు రావడానికి చాలాసేపు పట్టింది. అంతసేపూ ఆమె తన చేతిని ఎవరిదో చేతిలా చూస్తూ కూర్చుంది.

“నొప్పి లేదు” అంది చివరకు. “నొప్పి కూడా లేదు. అదే భయంగా ఉండాది.”

వహీదున్నీసా ఆమెకు సంగతంతా చెప్పింది. నవీన గాలిలో నిలబడ్డ ఈగను చూసింది. మసకను చూసింది. ఇంక నమ్మకపోవడానికి ఏమీ లేదు.

“సరే, చీమలు ఎంతసేపట్లో తింటాయి?”

“తినేస్తాయి పాపా, ఓర్చుకోండి” అంది పడమటింటి నుంచి చంద్రకాంతమ్మ. “మా అమ్మకాలం నుంచి సూస్తా ఉండాను. అవి తప్పకుండా వస్తాయి.”

అప్పుడు మోహన లేచి పడమటింట్లో అత్తగారి మంచం దగ్గరికి వెళ్ళింది. మంచం పక్కన నేల మీద కూర్చుంది.

“రావు అత్తా. అది పిండి కాదు. రాతిముగ్గు. నేను నీకు అబద్ధం చెప్పినా.”

చంద్రకాంతమ్మ ఆ గొంతు వైపు ముఖం తిప్పింది. తరువాత ఎడమచెయ్యి చాపి గాలిలో వెతికి, కోడలి తల దొరకబుచ్చుకుని జుట్టు గుప్పిట పట్టింది. కొడుతుందనుకుంది మోహన. కొట్టలేదు. పట్టుకుని అలాగే ఉంది. 

“ఎప్పటి నుంచి తెలుసు నీకు?”

“ముగ్గు వేసిన కాణ్ణించి.”

“రెండు గంటలు దాసిపెట్టినావే... పిలకాయ ప్రాణం కన్నా నా తిట్లకు ఎక్కువ బయపడినావా?”

“తిట్లకు కాదత్తా. నోటితో అంటే పాప పోయినట్టే అనిపించింది.”

ముసలామె జుట్టు వదిలేసింది. తన చిన్నతనంలో చూసిన సంగతి ఒకటి చెప్పింది. కరువు ఏడాదిలో మేత లేక ఒక పెయ్యదూడను నలభై రోజులు కట్టి ఉంచారట. ఒకనాడు మేక ఒకటి ముగ్గు తొక్కింది. నలభై రోజుల ఆకలి, దప్పి ఒక్క క్షణంలో దూడ మీద పడ్డాయి. చూస్తుండగానే అది తోలు అయింది, ఎముకలు అయింది.

“చేత్తో చెరిపితే సంపినట్టే. నేను ఒప్పుకోను. సామి దయ తలిస్తే ఏదో ఒక దోవ చూపిస్తాడు. ఆగుదాం.”

“ఎంతసేపు ఆగేదమ్మా?” అంది వహీదున్నీసా. ఆవిడ ఎప్పుడూ చంద్రకాంతమ్మ మాటకు ఎదురు చెప్పిన మనిషి కాదు. “ఆ దూడది నలభై రోజులు. మన పాపది ఇంకా రెండున్నర గంటే. రేపటికి ఒక రోజు అయితాది. మీ సామీ, మా అల్లా దోవ చూపించేలోగా ఆడ పోగయ్యేది ఎవరు మోస్తారు?”

మోహన నవీన వైపు తిరిగింది. “రెండున్నర గంటల విషం ఒక్కసారిగా ఎక్కితే ఏమవుతాది? ఉన్నది ఉన్నట్టు చెప్పు.”

నవీన మొదట తన వేళ్ళ వైపు చూసుకుంది. “ఈ పాము విషం నరాలను పడుకోబెడతాది అక్కా. రెప్పలతో మొదలైంది గదా. తరువాత గొంతు, తరువాత రొమ్ము. ఊపిరి ఆడించే బలం పోతాది. గుండె మాత్రం కొంచేపు కొట్టుకుంటానే ఉంటాది. ఆ కొంచేపట్లో మనం బయటి నుంచి ఊపిరి పోస్తే మనిషి బతకొచ్చు. నా దగ్గర గాలిసంచి ఉండాది. విరుగుడు సూదులు ఉండాయి. కానీ ఇట్ల ఒక్కసారిగా పడటం నేను ఎప్పుడూ చూడలేదు. ఎవరూ చూసుండరు. మాట ఇయ్యలేను.”

“ఇంకో గంట ఆగితే?”

“ఇంకో గంట ఎక్కువ పడతాది. అంతే.”

మోహన దేవుడి గూటి ముందు నిలబడింది. వేంకటేశ్వరుడి పటం ముందు పొద్దున పెట్టిన దీపం ఇంకా వెలుగుతోంది. ఏడు శనివారాలు మొక్కుకుందామనుకుంది. నిలువుదోపిడి అనుకుంది. ఏ మొక్కూ నోటికి రాలేదు. ఒక ప్రశ్న మాత్రం వచ్చింది. నీ గుడిలో నువ్వే వేళకు లేస్తావు, వేళకు పడుకుంటావు. ఒక్కనాడైనా నీ కోసం నువ్వు పొద్దును ఆపుకోలేదు. మేమెందుకు ఆపినాము, సామీ? జవాబు వస్తుందని ఆమె ఎదురుచూడలేదు. కొంగు బిగించి నడుమింట్లోకి వచ్చింది.

నవీన గీత అంచున మోకాళ్ళ మీద కూర్చుని, గాలిసంచి చేతపట్టుకుంది. సూదిలోకి మందు ఎక్కించి పక్కన పెట్టుకుంది. అంబులెన్సు డ్రైవరు స్ట్రెచరు గడపలో నిలిపాడు. వహీదున్నీసా వెళ్ళి చంద్రకాంతమ్మ పక్కన కూర్చుని చెయ్యి పట్టుకుంది. ముసలామె “వద్దు మే, మోహనా, వద్దు” అని ఇంకా అంటూనే ఉంది, చిన్నపిల్ల గొంతుతో.

మోహన పిల్ల ముఖం వైపు చూసింది. అది ఆఖరి చూపు అవుతుందేమోనని కళ్ళ నిండా చూసింది. కుడి అరచెయ్యి నేలకు ఆనించి, ఒకే తుడుపుతో మూడు చుక్కలు చెరిపేసింది.

చెరువు తూము ఎత్తినట్టు గది ఊగింది. మసక పగిలి వెలుతురు లోపలికి దూకింది. ఈగ ఎండిన మెతుకులా రాలిపడింది. పిల్ల జుట్టు గాలి కొట్టినట్టు పైకి లేచి పడింది.

“...మా” అంది జాహ్నవి.

ఆ తరువాత కళ్ళు పూర్తిగా మూతపడ్డాయి. దవడ జారింది. రొమ్ము ఒకసారి సగం లేచి, దిగి, మళ్ళీ లేవలేదు. పెదాలు నేరేడుపండు రంగుకు తిరిగాయి.

“పట్టుకో! తల వెనక్కి వంచు అక్కా!” నవీన సంచి మూతిని పిల్ల ముఖానికి అదిమి నొక్కింది. రొమ్ము లేచింది. వదిలింది. రొమ్ము దిగింది. “గుండె ఉండాది. కొట్టుకుంటా ఉండాది. అక్కా, ఇది నువ్వు పట్టుకో. నేను సూది వేయాల. నేను ఒకటీ, రెండూ, మూడూ అంటా, మూడుకు నొక్కు. ఆపొద్దు. ఏం జరిగినా ఆపొద్దు.”

మోహన సంచి పట్టుకుంది. ఒకటీ, రెండూ, మూడూ. నొక్కింది. ఒకటీ, రెండూ, మూడూ. అలా నొక్కుతూనే స్ట్రెచరు వెంట నడిచింది, నొక్కుతూనే బండి ఎక్కింది. వంక దాటే దారి లేదు, మళ్ళీ చుట్టూ తిరగాలి. గుంతలో చక్రం పడ్డప్పుడల్లా సంచి చేతిలోంచి జారబోయింది. నవీన రెండో సూది ఎక్కించింది, మూడోది ఎక్కించింది. కాసేపటికి లెక్క చెప్పడం మానేసింది. మోహన పెదాలు వాటంతట అవే చెబుతున్నాయి. పొలాలు పోయాయి, కార్వేటినగరం పోయింది, పాత మేడ గోడలు పోయాయి. ఏ ఊరు ఎప్పుడు దాటారో ఆమెకు తెలియదు. మూడు తరువాత మళ్ళీ ఒకటి వస్తుందా రాదా అన్నదే ఆమెకున్న భయం. తిరుపతి ఆస్పత్రి గుమ్మంలో ఎవరో సంచి అందుకోబోతే ఆమె వేళ్ళు విడిపోలేదు. ఒక్కొక్కటిగా విప్పాల్సి వచ్చింది.

నాలుగు రోజులు మిషను ఊపిరి పోసింది. నరేంద్ర యూనిఫాంతోనే వచ్చి, యూనిఫాంతోనే వరండాలో పడుకున్నాడు. జరిగింది విన్నాక భార్యను ఒక్క మాట అనలేదు. చీమలని విసుక్కున్నది తానేనని ఆయనకు గుర్తుంది. ఐదో రోజు పొద్దున పిల్ల బొటనవేలు కదిలింది. సాయంత్రానికి కళ్ళు తెరిచింది. ఆరో రోజు గొంతులోని గొట్టం తీసి, డాక్టరు “గండం గడిచింది” అన్నాడు. వార్డులో అందరూ చూస్తుండగా నరేంద్ర గోడకు తల ఆనించి ఏడ్చాడు.

ఏడో రోజు వంక దిగింది. నిస్సార్ ఆటోలో చంద్రకాంతమ్మ వచ్చింది. ఒక పక్క వహీదున్నీసా పట్టుకుంటే మెల్లగా నడిచి వచ్చి, మంచం మీద కూర్చుని, మనవరాలి ముఖం వేళ్ళతో తడిమింది.

“ఏం పాపా, బాగా నిద్రపోయినావంటనే? మాకేమో ఈడ ప్రాణాలు పోయినాయి.”

“నేను నిద్రపోలేదు అవ్వా” అంది జాహ్నవి. గొంతు ఇంకా బొంగురుగానే ఉంది.

“ఆస్పత్రిలో గాదులే. ముగ్గులో ఉన్నప్పుడు.”

“అప్పటి సంగతే చెప్తా ఉండేది. నిద్రపోలేదు. అమ్మ కనిపిస్తా ఉండింది. అమ్మ అట్లే సూస్తా కూర్చోనుండింది. నేను పిలుస్తానే ఉండాను. ‘మా’ అనేది రాలేదు. నోట్లోనే ఉండిపోయింది.”

మోహన చేతిలోని నీళ్ళ గ్లాసు ఒలికింది. లోపల కాలమే ఉండదని కదా చెప్పుకునేది. కాలం లేని చోట తెలియడం అంటూ ఉండదని కదా ఇన్ని తరాలుగా ఆ ఇంటి ఆడవాళ్ళు నమ్మింది.

“ఎంతసేపు అనిపించింది తల్లీ?” అని నరేంద్ర అడిగాడు. “కొంచేపేనా?”

జాహ్నవి ఆలోచించింది. “శానా దినాలు నాయనా. బడికి సెలవలిచ్చి, మళ్ళా తెరిచి, మళ్ళా సెలవలిచ్చేన్ని దినాలు. ముక్కు మీద ఈగ ఉండింది. అది కూడా పోలేదు.”

 చంద్రకాంతమ్మ వేళ్ళు పిల్ల చెంప మీదే ఆగిపోయాయి. కనిపించని కళ్ళు ఎటో చూస్తున్నాయి. తన జీవితంలో ఎన్నిసార్లు ఆ గీత కలిపిందో, ఎవరెవరిని లోపల ఉంచి ‘ఇంకేం భయం లేదు’ అని లేచి తన పనికి తాను పోయిందో, ఒక్కొక్కటిగా గుర్తుకు వస్తున్నట్టుంది. ఆవిడ పెదాలు కదిలాయి. “మా అమ్మను తొమ్మిది రోజులు” అంది, ఎవరికీ కాకుండా. “ఆఖరి చూపుకు అన్న వచ్చిందాకా తొమ్మిది రోజులు.” వహీదున్నీసా ఆవిడ భుజం చుట్టూ చెయ్యి వేసి, లేపి, వరండాలోకి తీసుకుపోయింది.

సాయంత్రం వార్డు సద్దుమణిగాక జాహ్నవి తల్లి చెయ్యి పట్టుకుంది. “అమ్మా, ఊరికే ఉండొద్దు. నువ్వు ఊరికే ఉంటే మళ్ళా అట్లే అయినట్టుంటాది. ఏదన్నా మాట్లాడతా ఉండు.”

“ఏం మాట్లాడేది తల్లీ?”

“ఏదన్నా.”

మోహన మంచం మీదికి జరిగి, పిల్ల తలను ఒళ్ళోకి తీసుకుని మాట్లాడటం మొదలుపెట్టింది. కిటికీలోంచి కొండ కనిపిస్తోందని చెప్పింది. ఘాటు రోడ్డు మీద దీపాలు పైకి పోతున్నాయని, అందులో ఏదో ఒకటి నాయన నడిపే బస్సు లాంటిదే అయ్యుంటుందని చెప్పింది. కింద వాకిట్లో ఒకాయన ఇడ్లీలు అమ్ముతున్నాడని, చట్నీ పలచన చేసినాడని ఒకావిడ పోట్లాడుతోందని చెప్పింది. పిల్ల కళ్ళు మూతలు పడ్డాయి.  మోహన వంగి ముక్కు దగ్గర చెవి పెట్టింది. ఊపిరి వెచ్చగా తగిలింది. అయినా ఆమె మాట ఆపలేదు. ఆయన ఇంకో గరిటె చట్నీ పోసినాడు తల్లీ, ఆ అమ్మ ఇప్పుడు నవ్వతా ఉండాది, గిన్నె మూతబెట్టి కొంగు సర్దుకోని లేస్తా ఉండాది, ఇప్పుడు మెట్లు ఎక్కతా ఉండాది, ఇప్పుడు...